అపరాధ పరిశోధన: రుజువుకూ అనుమానానికీ నడుమ
(మైనారిటీ హక్కుల సదస్సులో చేసిన ప్రసంగ పాఠం)



ఈ సభలో మనం చర్చించదలచిన వ్యక్తి పోలీసు డిటెక్టివు. మన ఇళ్ళలో ఈయన రెండు రూపాలలో నివసిస్తున్నాడు. ఒకటి పుస్తకాల బీరువాలోని రూపం. తెలుగు చదివే ఇళ్ళలో కొమ్మూరి సాంబశివరావు సృష్టించిన డిటెక్టివ్ యుగంధర్, అతని సహాయకుడు రాజు ఒక తరానికి ఇష్టులు. ఉర్దూ చదివే ఇళ్ళలో 1952లో అలహాబాదు నుండి వెలువడనారంభించిన ఇబ్నె సఫీ ‘జాసూసీ దునియా’ నవలల కోసం మన తాతలు నెలనెలా ఎదురుచూశారు. ఆ నవలల కథానాయకుడు ఫరీదీ తొలుత ఒక పోలీసు ఇన్‌స్పెక్టరు. అతని తోడు సార్జంటు హమీద్. ఇద్దరూ ముస్లిం నామధేయులే, ఇద్దరూ నేరాన్ని వెదికి పట్టేవారే. ఆనాడు ఒక ముస్లిం కుర్రవాడు డిటెక్టివు పుస్తకం చదువుతూ తనను తాను పరిశోధకుని స్థానంలోనే ఊహించుకున్నాడు. నిందితుని స్థానంలో కాదు.

రెండవ రూపం అర్ధరాత్రి తలుపు తట్టే మఫ్టీ మనిషిది. ఈ ‘మఫ్టీ’ అన్న మాట మన ‘ముఫ్తీ’ నుండే వచ్చిందంటారు. యూనిఫారం విప్పిన సైనికాధికారి తొడిగిన వదులు దుస్తులు ముఫ్తీ సాహెబు వేషాన్ని తలపించినందున ఆంగ్లేయులు ఆ పేరు పెట్టారని చెబుతారు. ధర్మనిర్ణయం చెప్పే పండితుని పేరు, చెప్పకుండా వచ్చి బిడ్డను తీసుకుపోయే వాని దుస్తులకు పేరైంది.

ఫరీదీని ప్రేమించిన ఇళ్ళే మఫ్టీ మనిషికి ఎందుకు భయపడుతున్నాయి? ఈ ప్రశ్నకు కోపంతో సమాధానం చెప్పవచ్చు, చరిత్రతోనూ చెప్పవచ్చు. మేము రెండవ దారిని ఎన్నుకున్నాం. ఆ చరిత్రను పరిశీలించినప్పుడు మాకు ఒక విషయం స్పష్టమైంది. అపరాధ పరిశోధన ప్రారంభం నుండీ రెండు ప్రశ్నల మధ్య ఊగుతూనే ఉన్నది. మొదటి ప్రశ్న: ఈ నేరం ఎవరు చేశారు? రెండవ ప్రశ్న: ఇటువంటి నేరాలు చేసే జాతి ఏది? మొదటిది జరిగిన పని నుండి మనిషి వైపు నడుస్తుంది. రెండవది మనిషి నుండి, అతని పేరు నుండి, అతని పేట నుండి బయలుదేరి నేరం వైపు నడుస్తుంది. మొదటి దారిలో రుజువు ముందు, అరెస్టు వెనుక. రెండవ దారిలో అరెస్టు ముందు, రుజువు వెనుక. ఒక్కొక్కసారి రుజువు ఎన్నటికీ రాదు.

వేగులవాడా, పరిశోధకుడా?

ఐరోపాలో వృత్తి డిటెక్టివుల చరిత్రను ఫ్రాన్సు నుండి మొదలుపెట్టడం పరిపాటి. పందొమ్మిదవ శతాబ్దపు రెండవ దశకంలో పారిస్ నేర పరిశోధన విభాగాన్ని నిర్మించిన విడోక్ స్వయంగా ఒకప్పటి ఖైదీ. దొంగను దొంగే పట్టగలడన్న నమ్మకం మీద ఆ విభాగం నిలిచింది. ఇంగ్లండు ప్రజలు ఆ పద్ధతిని అసహ్యించుకున్నారు. 1829లో లండనులో కొత్త పోలీసు వ్యవస్థ ఏర్పడినప్పుడు కానిస్టేబుళ్ళకు స్పష్టంగా కనిపించే దుస్తులు ఇచ్చారు. మారువేషంలో తిరిగే ప్రభుత్వోద్యోగి అంటే వారి దృష్టిలో వేగులవాడే. 1833లో విలియం పోపే అనే సార్జంటు పేరు దాచుకొని ఒక రాజకీయ సంఘంలో చేరి, అక్కడి సభ్యులను రెచ్చగొట్టాడన్న విషయం బయటపడింది. పార్లమెంటు సంఘం విచారణ జరిపి అతని ప్రవర్తనను ఖండించింది. ఆ తరువాత తొమ్మిదేళ్ళకు, 1842లో గాని లండను పోలీసులో డిటెక్టివు విభాగం ఏర్పడలేదు. అందులో ఉన్నది ఎనిమిది మంది మాత్రమే.

నేడు బ్రిటిషు డిటెక్టివు అనగానే ప్రపంచం గౌరవిస్తున్నది గాని, ఆ గౌరవం పుట్టుకతో వచ్చినది కాదని గ్రహించాలి. సందేహించే ప్రజల ముందు ఆ శాఖ తన్ను తాను నిరూపించుకోవలసి వచ్చింది. 1877లో స్కాట్లండ్ యార్డు డిటెక్టివులే మోసగాళ్ళతో కుమ్మక్కైన నేరానికి బోనెక్కారు. మరుసటి సంవత్సరం ఆ విభాగాన్ని పూర్తిగా పునర్నిర్మించి సి.ఐ.డి. అని పేరు పెట్టారు. ఆ పేరే తరువాత మన దేశానికీ వచ్చింది. 1965లో ‘సి.ఐ.డి.’ అన్న పేరుతో తెలుగు సినిమా వచ్చేనాటికి ఆ మూడక్షరాలు పల్లెటూళ్ళలో కూడా నోటి మాటగా మారిపోయాయి.

ఆ కాలపు మరొక ఉదంతం మనకు ముఖ్యమైనది. 1860లో ఇంగ్లండులోని రోడ్ అనే గ్రామంలో ఒక సంపన్న కుటుంబపు పసివాడు హత్యకు గురయ్యాడు. లండను నుండి వచ్చిన ఇన్‌స్పెక్టర్ జోనథన్ విచర్, ఆ ఇంటి పదహారేళ్ళ కుమార్తెను నిందితురాలిగా అరెస్టు చేశాడు. విచర్ తోటమాలి కుమారుడు. ఒక సామాన్యుడు పెద్దింటి గుట్టు తవ్వడమా అని పత్రికలు, పెద్దమనుషులు అతనిపై విరుచుకుపడ్డారు. ఆ బాలిక విడుదలయింది, విచర్ పేరు మసకబారింది. ఐదేళ్ళ తరువాత, 1865లో ఆమె తానే నేరాన్ని ఒప్పుకున్నది. దీనిలోని నీతి సూక్ష్మమైనది. పరిశోధకుని వేలు పెద్ద ఇంటి వైపు చూపినప్పుడు సమాజం రుజువు అడుగుతుంది. అదే వేలు పేదవాని వైపు, పరాయివాడని ముద్ర పడినవాని వైపు చూపినప్పుడు రుజువు అడగడం మరచిపోతుంది.

మన నేల మీద

భారతదేశంలో ఈ శాఖ పుట్టుక వేరు. ఇక్కడ దానిని స్థాపించినవారు ప్రజలకు జవాబుదారులు కారు. 1830లలో విలియం స్లీమన్ నాయకత్వంలో థగ్గుల అణచివేత శాఖ ఏర్పడింది. బాటసారులను చంపి దోచుకునే ముఠాలు ఉండేవి, వాటిని అణచవలసినదే. అందులో సందేహం లేదు. అయితే అందుకు ఎన్నుకున్న పద్ధతిని చూడండి. 1836 నాటి చట్టం ప్రకారం ఒక వ్యక్తి ఫలానా హత్య చేశాడని రుజువు చేయనక్కరలేదు. థగ్గుల ముఠాకు చెందినవాడని తేలితే చాలు, యావజ్జీవ శిక్ష. సాక్ష్యంలో అధిక భాగం అప్రూవర్లుగా మారిన ఖైదీల మాటే. అంతవరకు కంపెనీ న్యాయస్థానాలలో ముస్లిం న్యాయాధికారి ఫత్వా, అనగా ధర్మశాస్త్రానుసారమైన అభిప్రాయం, తీసుకునే ఆచారం ఉండేది. ఈ నేరం విషయంలో ఆ ఫత్వా అవసరం లేదని అదే చట్టం నిర్దేశించింది. సాక్షి యోగ్యతను నిగ్గు తేల్చే గడప ఒకటి ఆ విధంగా తొలగిపోయింది.

ఆ తరువాత 1871లో నేరస్థ తెగల చట్టం వచ్చింది. కొన్ని కులాలను, తెగలను పుట్టుకతోనే నేరస్థులుగా ప్రకటించి, పేర్లు నమోదు చేసి, కదలికలపై నిఘా పెట్టారు. 1911 సవరణతో అది మద్రాసు రాష్ట్రానికీ వర్తించింది. తెలుగునాట ఎరుకల కుటుంబాలను తెచ్చి ఉంచిన బాపట్ల సమీపపు స్టూవర్టుపురం ఆ చరిత్రకు నిలువెత్తు సాక్ష్యం. మద్రాసు ప్రభుత్వంలో ఉన్నత పదవి వహించిన హెరాల్డ్ స్టూవర్ట్ పేరు ఆ సెటిల్‌మెంటుకు పెట్టారు. 1904లో థగ్గుల శాఖ స్థానంలో ఏర్పడిన కేంద్ర నేర సమాచార విభాగానికి తొలి డైరెక్టరు ఆయనే. చట్టం 1952లో రద్దయినా ‘స్టూవర్టుపురం దొంగలు’ అన్న మాట తెలుగు పత్రికలలో, సినిమాలలో దశాబ్దాలు కొనసాగింది. ఒక ఊరి పేరే నేరమైపోయింది. ఒక మతం పేరు నేరమైపోతున్నదని బాధపడే మనం, ఆ ఊరివారి బాధను మనకంటె ముందు మొదలైన మన బాధగానే గుర్తించాలి.

విచారణ పేరిట హింస కూడా కొత్తది కాదు. 1855లో మద్రాసు చిత్రహింసల విచారణ సంఘం ముందుకు 1,959 ఫిర్యాదులు వచ్చాయి. శిస్తు వసూలు కోసం, నేరం ఒప్పించడం కోసం వేళ్ళను నొక్కే ‘కిట్టి’ వంటి సాధనాలు వాడుతున్నారని ఆ నివేదిక నమోదు చేసింది. అటువంటి అనుభవాల ఫలితంగానే, పోలీసు అధికారి ముందు చేసిన నేరాంగీకారం నిందితునిపై రుజువుగా చెల్లదన్న సూత్రం మన చట్టంలోకి వచ్చింది. అదే 1872 సాక్ష్యాధార చట్టంలోని 25వ సెక్షను. నేటి భారతీయ సాక్ష్య అధినియంలో 23వ సెక్షను. దయతో ఇచ్చిన వరం కాదది. పోలీసు గదిలో మాట ఎలా పుడుతుందో పాలకులకే తెలిసినందువల్ల పెట్టుకున్న కంచె. 1902–03 నాటి ఫ్రేజర్ పోలీసు కమిషను కూడా పోలీసు శాఖలోని అవినీతిని, ప్రజాపీడనను తీవ్రంగా విమర్శించి, ప్రతి రాష్ట్రంలోను ప్రత్యేక సి.ఐ.డి. ఉండాలని సిఫారసు చేసింది. అయితే ఆ సి.ఐ.డి.లు అచిరకాలంలోనే జాతీయోద్యమకారుల వెంట నడిచే నీడలయ్యాయి. హిందువైనా, ముస్లిమైనా, ఖిలాఫతు వాదియైనా, కాంగ్రెసు వాదియైనా ఆ నీడ తప్పలేదు.

ఒక పంచాంగం, ఒక వేలిముద్ర

ఇంతవరకు చెప్పినది చీకటి పార్శ్వం. వెలుగు పార్శ్వం కూడా ఉన్నది, అందులో మనవాడొకడున్నాడు. ఆయన పేరు ఖాజీ అజీజుల్ హఖ్. ఖుల్నా ప్రాంతంలో 1872లో జన్మించి, కలకత్తా ప్రెసిడెన్సీ కళాశాలలో గణితం చదివి, బెంగాల్ పోలీసులో సబ్ ఇన్‌స్పెక్టరుగా చేరాడు. ఆనాటి పోలీసు ఉన్నతాధికారి ఎడ్వర్డ్ హెన్రీ ముందున్న సమస్య ఇది: వేలిముద్రలను సేకరించవచ్చు, కాని వేలకొలది కాగితాలలో కావలసిన ముద్రను వెదకి తీయడం ఎట్లా? పది వేళ్ళ ముద్రలలోని సుడులను బట్టి అంకెలు కేటాయించి, ముప్పది రెండు వరుసలు, ముప్పది రెండు నిలువులుగా 1,024 అరలలో వాటిని వర్గీకరించే గణిత సూత్రాన్ని అజీజుల్ హఖ్ రూపొందించాడు. ఆయన సహోద్యోగి హేమచంద్ర బోస్ ఆ పద్ధతిని మరింత మెరుగుపరిచాడు. ఒక ముస్లిం, ఒక హిందువు, ఒకే బల్ల దగ్గర కూర్చొని చేసిన పని అది. 1897లో కలకత్తాలో వేలిముద్రల బ్యూరో వెలసింది. 1901లో స్కాట్లండ్ యార్డు అదే పద్ధతిని స్వీకరించింది. ప్రపంచం దానిని ‘హెన్రీ పద్ధతి’ అని పిలిచింది. తన సిబ్బందిలో హఖ్ కృషియే అందరికంటె అధికమని హెన్రీ చాలా ఏళ్ళ తరువాత ప్రభుత్వానికి వ్రాసి అంగీకరించాడు. నేడు బ్రిటన్‌లోని వేలిముద్రల నిపుణుల సంఘం హఖ్, బోస్ ఇద్దరి పేరిట పురస్కారం ఇస్తున్నది. మన పాఠ్యపుస్తకాలలో మాత్రం ఆయన పేరు వెదకినా దొరకదు.

ఆ బ్యూరో పేరు నిలబెట్టిన కేసు 1898 నాటిది. బెంగాల్‌లోని జల్పాయిగురి జిల్లాలో ఒక తేయాకు తోట మేనేజరు గొంతు కోయబడి మరణించాడు. ఇనుప పెట్టె ఖాళీ అయింది. అనుమానం ఎవరెవరి మీదికి పోయిందో గమనించండి: తోట కూలీలు, బట్టలపై రక్తపు మరకలున్న వంటవాడు, మేనేజరుతో వైరమున్న ఒక కుటుంబం, ఆ చుట్టుపక్కల తిరుగుతున్న కాబూలీల గుంపు. అంటే పేదవారు, సేవకులు, పరదేశీయులు. రెండవ ప్రశ్న వేసేవారికి ఆ కాబూలీలు చాలు. పేరును బట్టి, తలపాగాను బట్టి కేసు ముగించి ఉండేవారు. కాని ఆ పెట్టెలో ఒక బెంగాలీ పంచాంగం దొరికింది. దాని నీలిరంగు అట్టపై గోధుమవర్ణపు మరక ఒకటి కనిపించింది. అది బొటనవేలి ముద్ర. బ్యూరోలోని అరలను వెదకగా, అదే మేనేజరు వద్ద దొంగతనం చేసి గతంలో జైలుకు పోయిన ఒక పాత సేవకుని ముద్రతో అది సరిపోయింది. వంటవాని బట్టలపై ఉన్నది వంటకు కోసిన పావురపు రక్తమని తేలింది. కాబూలీలు బ్రతికిపోయారు.

ఇంతకంటె గొప్ప సంగతి మరొకటి ఉన్నది. పంచాంగంపై ముద్ర ఉన్నందున దొంగతనం రుజువైంది గాని, హత్య చేసినది అతడే అనడానికి అది చాలదని న్యాయస్థానం హత్యానేరం నుండి అతనిని విముక్తుని చేసింది. వేలిముద్ర ఎంతవరకు మాట్లాడిందో అంతవరకే విన్నది. వేలిముద్రల సేకరణ వెనుక సామ్రాజ్యపు నిఘా కాంక్ష ఉన్నమాట నిజమే. అయినా ఈ కేసులో శాస్త్రం బలహీనులకు రక్షగా నిలిచింది. పరిశోధకుని నిజమైన గౌరవం ఇదే: నేరస్థుని పట్టడం ఎంత గొప్పదో, నిర్దోషిని వదలడం అంత గొప్పది.

కంచె తెగిన చోట

స్వతంత్ర భారతంలో ఆ కంచెకు గండి పడింది. 1987 నాటి టాడా, 2002 నాటి పోటా చట్టాలు ఎస్.పి. స్థాయి పోలీసు అధికారి ముందు చేసిన నేరాంగీకారాన్ని సాక్ష్యంగా అనుమతించాయి. ఒకటి 1995లో ముగిసింది, రెండవది 2004లో రద్దయింది. కాని వాటి కింద కట్టిన కేసులు దశాబ్దాలు నడిచాయి.

2002 సెప్టెంబరులో గాంధీనగర్ అక్షరధామ్ దేవాలయంపై జరిగిన దాడి ఘోరమైనది. ముప్పది మందికి పైగా అమాయకులు మరణించారు. ఆ కేసులో ఆరుగురికి శిక్ష పడింది. వారిలో ముగ్గురికి మరణశిక్ష. 2014 మే 16న సుప్రీంకోర్టు ఆ ఆరుగురినీ నిర్దోషులుగా ప్రకటించింది. పోటా కింద తీసుకున్న నేరాంగీకారాలను నమ్మలేమన్నది. తూటాలతో తూట్లుపడిన దుండగుల జేబులలో దొరికాయన్న ఉర్దూ ఉత్తరాలకు చిరుగు గాని, రక్తపు మరక గాని లేకపోవడాన్ని ఎత్తిచూపింది. జల్పాయిగురిలో మరక ఉన్న కాగితం సత్యం చెప్పింది. ఇక్కడ మరక లేని కాగితం సత్యం చెప్పింది. మధ్యలో పన్నెండేళ్ళు గడిచాయి.

మన హైదరాబాదు గాయం అందరికీ తెలిసినదే. 2007 మే 18, శుక్రవారం నమాజు వేళ మక్కా మసీదులో బాంబు పేలి తొమ్మిది మంది అమరులయ్యారు. ఆ వెంటనే జరిగిన పోలీసు కాల్పులలో మరి ఐదుగురు మరణించారు. చనిపోయినవారూ మనవారే, ఆ తరువాత పట్టుకుపోయినదీ మనవారినే. పదుల సంఖ్యలో యువకులను అదుపులోకి తీసుకున్నారు. రాష్ట్ర మైనారిటీల కమిషను నియమించిన న్యాయవాది ఎల్. రవిచందర్, నిర్బంధితులను కలిసి, చిత్రహింసల ఆనవాళ్ళను తన నివేదికలో నమోదు చేశారు. ఆ యువకులు న్యాయస్థానాలలో నిర్దోషులుగా బయటపడ్డారు. 2012 జనవరిలో రాష్ట్ర ప్రభుత్వం ఇరవై మందికి మూడు లక్షల చొప్పున, యాభై మందికి ఇరవై వేల చొప్పున పరిహారం, వాటితో పాటు సత్ప్రవర్తన పత్రాలు ఇచ్చింది. 2013లో హైకోర్టు ఆ పరిహారపు ఉత్తర్వును కొట్టివేసింది. బాంబు కేసు సి.బి.ఐ. నుండి ఎన్.ఐ.ఏ.కు చేరి, వేరే నిందితులపై విచారణ సాగింది. 2018 ఏప్రిల్ 16న వారు కూడా విడుదలయ్యారు.

ఇప్పుడు లెక్క చూడండి. నిర్దోషుల యౌవనం పోయింది. వారి చెల్లెళ్ళ సంబంధాలు తప్పిపోయాయి, తల్లుల ఆరోగ్యం చెడింది. మసీదు ప్రాంగణంలో ప్రాణాలు వదిలిన తొమ్మిది మంది కుటుంబాలకు మాత్రం ‘చంపినదెవరు?’ అన్న మొదటి ప్రశ్నకు ఇప్పటికీ జవాబు రాలేదు. రెండవ ప్రశ్నతో మొదలైన పరిశోధన మొదటి ప్రశ్నను చంపివేస్తుందనడానికి ఇంతకంటె నిదర్శనం అక్కరలేదు. తప్పు మనిషిని పట్టిన ప్రతి చోటా అసలు దోషి స్వేచ్ఛగా తిరుగుతాడు. కనుక న్యాయమైన పరిశోధన కోరడం ముస్లింల పక్షపాతం కాదు, బాధితులందరి పక్షపాతం.

ఐర్లండు నేర్పిన పాఠం

ఇటువంటి కష్టం మన ఒక్కరిదే అనుకోరాదు. బ్రిటన్‌లో 1883లో ఏర్పడిన స్పెషల్ బ్రాంచికి మొదట ఉన్న పేరే ‘స్పెషల్ ఐరిష్ బ్రాంచి’. ఒక జాతి పేరే శాఖ పేరయింది. 1974 నవంబరులో బర్మింగ్‌హాం పానశాలలలో బాంబులు పేలి 21 మంది మరణించారు. ఆరుగురు ఐరిష్ వారిని పట్టి, కొట్టి, సంతకాలు తీసుకున్నారు. చేతులపై ప్రేలుడు పదార్థాలున్నాయని చెప్పిన రసాయన పరీక్ష కూడా తప్పుదే. వారు 1991 మార్చి 14న విడుదలయ్యేవరకు పదహారేళ్ళు జైలులో ఉన్నారు.

అయితే ఆ సమాజం ఊరక ఉండలేదు. న్యాయవాదులు, పాత్రికేయులు, మతపెద్దలు, పార్లమెంటు సభ్యులు ఏళ్ళ తరబడి ఆ కేసులను వదలలేదు. ఈ లోగా 1984లోనే పోలీసు విచారణ పద్ధతులను కట్టుదిట్టం చేసే చట్టం వచ్చి, విచారణను టేపులో రికార్డు చేయడం, న్యాయవాదిని అందుబాటులో ఉంచడం నియమమైంది. 1997 నుండి తప్పుడు శిక్షలను పునఃపరిశీలించే స్వతంత్ర సంఘం పనిచేస్తున్నది. మనకు ఆ సంఘం లేదు. తప్పుడు కేసులలో నలిగినవారికి చట్టబద్ధమైన పరిహారం ఉండాలని మన న్యాయ కమిషను 2018లో తన 277వ నివేదికలో సిఫారసు చేసింది. అది చట్టం కావలసి ఉన్నది. 2006 ముంబయి రైలు పేలుళ్ళ కేసులో 2025 జూలైలో బొంబాయి హైకోర్టు పన్నెండు మందినీ నిర్దోషులన్నది. సుమారు పంతొమ్మిదేళ్ళ తరువాత వచ్చిన మాట అది. వారిలో ఒకరు ఆ తీర్పు వినకుండానే జైలులో మరణించారు.

బొమ్మను తయారు చేసేవారు

పరిశోధకుని బొమ్మను సమాజంలో తయారు చేసేది పరిశోధకుడు మాత్రమే కాదు. వార్త, సినిమా, ధారావాహిక కూడా. అరెస్టు రోజున ముసుగు వేసిన యువకుల చుట్టూ కెమెరాలు ఉంటాయి. ‘సూత్రధారి’ అన్న మాట తెరపై వెలుగుతుంది. విడుదల రోజున లోపలి పేజీలో నాలుగు వాక్యాలు ఉంటాయి. తెరపై డిటెక్టివు ఎదుటివానిని కొడితే చప్పట్లు పడతాయి. అక్కడ దెబ్బ తిన్నవాడు ఎప్పుడూ నిజమైన దోషియే, ఎందుకంటే కథారచయిత ముందే నిర్ణయించాడు. జీవితంలో ఆ రచయిత లేడు. అక్కడ దెబ్బ ముందు పడుతుంది, దోషి ఎవరో తరువాత తెలుస్తుంది.

ఈ బొమ్మ పోలీసుల మనస్సులలోకీ పోతుంది. దేశవ్యాప్తంగా పోలీసు సిబ్బందితో మాట్లాడి 2019లో వెలువరించిన అధ్యయన నివేదికలో, ముస్లింలకు నేరం వైపు సహజమైన మొగ్గు ఎంతో కొంత ఉంటుందని దాదాపు సగం మంది భావించినట్లు తేలింది. ‘సహజమైన’ అన్న మాటను గమనించండి. 1871 చట్టం తన గ్రంథం నుండి పోయినా కొందరి తలలనుండి పోలేదు. మరొక వైపు, సచార్ కమిటీ 2006లో చూపిన లెక్క ప్రకారం జనాభాలో 13.4 శాతమున్న ముస్లింలు ఐ.పి.ఎస్.లో నాలుగు శాతమే. పక్క బల్ల దగ్గర అజీజుల్ హఖ్ కూర్చొని ఉంటే, ఆ మాట అంత సులభంగా అనడం సాధ్యమా?

మనం కోరేది, మనం చేసేది

ప్రభుత్వాన్ని మనం కోరేది కొత్తదేమీ కాదు. శాంతిభద్రతల పనినుండి నేర పరిశోధనను వేరు చేయాలని సుప్రీంకోర్టు 2006లో ప్రకాశ్ సింగ్ కేసులో ఆదేశించింది. ప్రతి పోలీసు స్టేషనులో సి.సి. కెమెరాలు ఉండాలని 2020లో ఆదేశించింది. నిందితుని సమ్మతి లేకుండా నార్కో పరీక్ష చేయరాదని 2010లో చెప్పింది. ఇవి అమలు కావాలి. తప్పుడు ప్రాసిక్యూషన్లకు పరిహారపు చట్టం రావాలి. పోలీసు, ఫోరెన్సిక్, ప్రాసిక్యూషను ఉద్యోగాలలో అన్ని వర్గాల ప్రాతినిధ్యం పెరగాలి.

ప్రతి కుటుంబం తెలుసుకోవలసినవి కొన్ని ఉన్నాయి. అరెస్టు చేసేటప్పుడు కారణం చెప్పాలి. బంధువులకో మిత్రులకో తెలియజేయాలి. ప్రయాణ సమయం మినహా ఇరవై నాలుగు గంటలలోపు మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలి. విచారణ సమయంలో న్యాయవాదిని కలిసే హక్కు ఉన్నది. స్త్రీలను, పదిహేనేళ్ళ లోపు పిల్లలను సాక్షులుగా విచారించదలిస్తే వారు ఉన్న చోటికే రావాలి గాని స్టేషనుకు పిలువరాదు. దర్యాప్తులో పోలీసులు వ్రాసుకున్న వాంగ్మూలంపై సంతకం చేయవలసిన పని లేదు. తెల్లకాగితంపై సంతకం ఎవరు అడిగినా చేయకండి. బిడ్డను తీసుకుపోయిన సమయం, వచ్చినవారి సంఖ్య, వాహనం నంబరు వెంటనే వ్రాసిపెట్టండి. జిల్లా న్యాయసేవాధికార సంస్థకు, మేజిస్ట్రేటుకు ఈమెయిలు పంపండి. ఏడుపు సాక్ష్యం కాదు, ఆ కాగితం సాక్ష్యం.

మన బాధ్యతలు కూడా చెప్పుకోవాలి. నేరం చేసినవాడు మనవాడైతే దాచడం మన ధర్మం కాదు. మీకు, మీ తల్లిదండ్రులకు, మీ బంధువులకు వ్యతిరేకమైనా న్యాయం పక్షాన నిలవాలని సూరా అన్నిసా మనలను ఆదేశిస్తున్నది. అతిగా అనుమానించవద్దని, పరుల గుట్టు తవ్వవద్దని, వచ్చిన వార్తను విచారించుకోవాలని సూరా అల్ హుజురాత్ చెబుతున్నది. ఈ నియమం పోలీసుకు మాత్రమే కాదు. వాట్సాప్‌లో పొరుగువానిపై నింద పంచే మనకు కూడా వర్తిస్తుంది. ప్రతి పోలీసునూ శత్రువుగా చూడడం, ప్రతి ముస్లింనూ అనుమానితునిగా చూడడం వంటిదే. నిజాయితీగా పనిచేసే పరిశోధకులు ఉన్నారు. వారు మనకు కావాలి, వారికి మన సాక్ష్యం కావాలి.

చివరిగా యువతతో ఒక మాట. గణితం తెలిసిన పిల్లలారా, రసాయన శాస్త్రం చదివే పిల్లలారా, న్యాయశాస్త్రం చదివే అమ్మాయిలారా! ఆ శాఖ తలుపు మనవైపు మూసి ఉన్నదని నిరాశపడి వెనుదిరగకండి. దరఖాస్తు చేయండి, పరీక్షలు వ్రాయండి, ప్రయోగశాలలలో, ప్రాసిక్యూటరు బల్ల దగ్గర, స్టేషను గదులలో మీ చోటు మీరు అడగండి. కేసు ఏదైనా, నిందితుని పేరు ఏదైనా, మొదటి ప్రశ్నతోనే మొదలుపెట్టండి. అప్పుడు ఒక నిర్దోషి తన ఇంటికి తాను నడిచిపోతాడు, ఒక బాధిత కుటుంబానికి జవాబు దొరుకుతుంది. ఆ రెండూ ఒకే పని యొక్క రెండు ఫలాలు.

అల్లాహ్ మనందరికీ న్యాయంపై నిలబడే స్థైర్యాన్ని, సత్యాన్ని శోధించే ఓర్పును ప్రసాదించుగాక. ఆమీన్.